మా మామ కుట్టిన అట్టలు

"ఇంకొక్క ఆర్నెల్లు, అలివేలూ" అనే మాట మీదే నా కాపురం నడిచింది. పెళ్లయిన ఏడు ఆ మాట విని మురిసిపోయాను. పాప పుట్టిన ఏడు విని, సరేలే అనుకున్నాను. పంతొమ్మిదివందల అరవై ఆరో సంవత్సరం ఎండాకాలంలో మళ్లీ అదే మాట అనేసరికి మాత్రం, చేతిలో ఉన్న మగ్గం నాడె ఆయన మీదికి విసిరేద్దామన్నంత కోపం వచ్చింది.

మా ఆయన గోవిందరాజులు బెంగుళూరులో రాడారు మీద పరిశోధన చేసేవాడు. ధర్మవరంలో మా వీధి ఆడవాళ్లు "మీ ఆయన ఏం చదువుతాండాడమ్మే, ఇన్నేండ్లు?" అని అడిగితే నాకు చెప్పడం వచ్చేది కాదు. నాకు అర్థమైనంతవరకు సంగతి ఇది. రాడారు ఆకాశంలోకి ఒక కేక వేస్తుంది. ఆ కేక విమానానికి తగిలి తిరిగొస్తుంది. వాన పడేటప్పుడు ప్రతి చినుకూ నేనున్నానంటూ తన కేక కూడా తిప్పి పంపుతుంది. ఆ గోలలో విమానం కేక ఏదో లెక్కలు వేసి ఏరాలి. "బియ్యంలో రాళ్లు ఏరినట్లా?" అని అడిగాను ఒకసారి. "రాళ్లయితే చేతికి తగుల్తాయి. ఇవి తగలవు" అన్నాడు. ఆ తర్వాత నేనెప్పుడూ అడగలేదు.

ఆయనకొచ్చే స్కాలర్‌షిప్పు ఆయన గదికి, తిండికి సరిపోయేది. పెళ్లాం బిడ్డలతో బెంగుళూరులో కాపురం పెట్టడానికి చాలదు. డాక్టరేటు వస్తే అక్కడే లెక్చరరు పని, ఉండడానికి క్వార్టర్సు. అంతవరకు నేను అత్తగారింట్లో మగ్గం దగ్గర. పెద్దంచు పట్టుచీర నేయాలంటే మగ్గానికి ఇద్దరు కావాలి. మా మామ ముత్యాలప్ప గుంతలో కాళ్లు పెట్టుకుని నేసేవాడు. పక్కన పీట మీద కూర్చుని అంచు నాడె అందించాల్సింది కొడుకు. కొడుకు చదువుకు పోయాడు కాబట్టి ఆ పీట నాకొచ్చింది. పొద్దునెక్కితే మాపటిదాకా అక్కడే. నడుము విరిగిపోయేది. పోగు తెగితే మామ కసిరేవాడు. "అత్తా, నాకు పెండ్లయింది మొగునితోనా మగ్గంతోనా?" అంటే, మా అత్త చౌడమ్మ నవ్వనైనా నవ్వకుండా "రెండింటితోనూ" అనేది.

మామ చెడ్డవాడు కాదు. కసిరిన కాసేపటికి తన వక్కాకు పొట్లం నా పక్కకు జరిపేవాడు. కాని ఆయనకు ఒక్కటే గుబులు. కొడుకు ఏం చేస్తున్నాడో ఆయనకు తెలియదు. అడిగితే ఆకాశమంటాడు, కేక అంటాడు. వీధిలో ఎవరైనా అడిగితే "ఏదో పెద్ద చదువులేప్పా" అని తల తిప్పుకునేవాడు. కన్న కొడుకు గురించి అంతకంటే ఎక్కువ చెప్పలేకపోవడం ఆయనకు సిగ్గుగా ఉండేది.

ఆ చైత్రంలో మా ఆయన ఒక చెక్కపెట్టె మోసుకుంటూ వచ్చాడు. బొంబాయిలో లెక్కలు వేసే పెద్ద మిషను ఉందట. దాని మీద పని చేసుకోవడానికి దేశం నలుమూలల నుంచి కాచుకుని ఉంటారట. ఎన్నాళ్లకో ఈయన వంతు వచ్చింది. ఆ లెక్క తేలితే పరిశోధన ముగిసినట్లే, రాసి ఇచ్చేయడమే తరువాయి. గుంతకల్లు పోయి బొంబాయి మెయిలు పట్టుకోవాలి. దోవలో మా దగ్గర రెండు దినాలు ఆగాడు.

"ఇంకొక్క ఆర్నెల్లు" అన్నాడు నాతో. నాడె సంగతి అప్పుడే.

పెట్టె నట్టింట్లో పెట్టి మూత తీశాడు. లోపల అట్టలు. గట్టి కాగితం అట్టలు, జానెడు పొడవు, ఒక్కొక్కదానికీ చిన్న చిన్న రంధ్రాలు. మామ మగ్గం దిగి వచ్చి వంగి చూశాడు. ఒక అట్టను తీసి వెలుతురుకు పెట్టి, రంధ్రాల్లోంచి వాకిలి వైపు చూశాడు.

"ఓరి వీని! ఇవి మన అట్టలే కదరా!" అన్నాడు.

నిజమే. మా మగ్గం నెత్తిన జకార్డు ఉండేది. రంధ్రాలు కొట్టిన అట్టలను ఒకదాని వెంట ఒకటి దారంతో కుట్టి, మాల చేసి, దానికి తగిలిస్తారు. రంధ్రాన్ని బట్టి పోగు లేస్తుంది, పోగును బట్టి పువ్వు పడుతుంది. అట్టల వరస తప్పిందా, చీరలో నెమలి కాళ్లు నెత్తి మీదికి వస్తాయి.

"అట్లాంటివే నాయనా" అన్నాడు మా ఆయన. "ఈ రంధ్రాలు చూసి మిషను లెక్క చేస్తుంది. రెండు వానాకాలాలు ఆ రాడారు దగ్గర కూర్చుని రాసుకున్నదంతా ఇందులో ఉండాది. బెంగుళూర్లో ఒక ఆఫీసు వాళ్లను అడుక్కోని, సాయంకాలాలు వాళ్ల మిషను దగ్గర కూర్చోని నేనే కొట్టినాను."

"వరస ఉంటాదా దీనికి?"

"వరసే ముఖ్యం. ఒక్కటి అటిటు అయినా అంతా పోయినట్లే."

"మరి రైల్లో కుదుపుకు చెదిరితే?"

"చెదరకుండా పట్టుకుంటాలే నాయనా."

మామ ముఖం నేను ఎప్పుడూ అట్లా చూడలేదు. కొడుకు చదువు ఇన్నాళ్లకు తన ఇంటి భాషలోకి వచ్చింది. ఆ సాయంత్రం వీధిలో అరుగరుగుకూ పోయి "మావాడు చేసేదీ మన పనే అప్పా, వాడు ఆకాశంలో నేస్తాండాడు" అని చెప్పుకుని వచ్చాడు.

మరుసటి రోజు మా అత్త, ఇంత పెద్ద పని మీద పోయే ముందు కదిరి నరసింహస్వామికి కాయ కొట్టి రమ్మని మమ్మల్ని పొద్దున్నే బస్సెక్కించింది. పాపను ఎత్తుకుని పోయాం. బస్సులో ఆయన ఒక్క మాటా మాట్లాడలేదు. గుడిలో కూడా దండం పెట్టుకుని అట్లాగే నిలబడిపోయాడు. వెనక ఉన్నవాళ్లు "జరుగు సామీ" అంటే గాని కదల్లేదు. పెద్ద పని ముందుండాది కదా, దిగులు పడుతున్నాడనుకున్నాను.

మేము తిరిగి వచ్చేసరికి పొద్దు వాలుతోంది. వాకిట్లోనే మామ ఎదురొచ్చాడు. పక్కింటి రామాంజినేయులు కూడా ఉన్నాడు, చేతిలో దబ్బనంతో. ఇద్దరి ముఖాలూ వెలిగిపోతున్నాయి.

"రా నాయనా, రా. లోపలికొచ్చి చూడు" అన్నాడు మామ.

నట్టింట్లో ఒక దూలం నుంచి ఇంకో దూలానికి అట్టల మాల వేలాడుతోంది. మళ్లీ వెనక్కి తిరిగి, కింద మడతలు మడతలుగా పెట్టెలోకి దిగింది. ప్రతి అట్టకూ అటొకటి ఇటొకటి దబ్బనంతో పొడిచి, దారం ముడి వేసి, మా జకార్డు అట్టలు ఎట్లా కుడతారో అట్లా కుట్టారు. ఒక్క కుట్టు వంకర లేదు.

"ఇంక నీ రైలు పల్టీలు కొట్టినా వరస తప్పదు" అన్నాడు మామ. "మీయమ్మ సూదికి దారం ఎక్కిచ్చి ఇచ్చింది. ఈయప్ప కూడా ఒక చెయ్యి వేసినాడు. పొద్దున మొదలుపెట్టినాం, నీళ్లకు కూడా లేయలేదు."

"ఆ బెంగుళూరోళ్లకు ఈ మాత్రం తెలివి లేకపాయనే! లబ్బరు బ్యాండు ఏసి పంపినారు" అన్నాడు రామాంజినేయులు.

మా ఆయన మాల కొసను చేతిలోకి తీసుకున్నాడు. దబ్బనం పొడిచిన చోట వేలు పెట్టి తడిమాడు. నేను పాపను దించి చెప్పులు విడుస్తూ ఆయన వైపే చూస్తున్నాను. కోపం వస్తుందేమో అనిపించింది, ఎందుకో తెలియకుండానే. రాలేదు. ఆయన భుజాలు, అప్పటిదాకా బిగబట్టుకున్నవి, కిందికి జారాయి.

"బాగా కుట్టినావు నాయనా" అన్నాడు.

మరునాడు మధ్యాహ్నం రాగిముద్ద, చెనిగ్గింజల ఊరిమిండి పచ్చడి అడిగి మరీ వేయించుకుని తిన్నాడు. వచ్చినప్పటి నుంచి మెతుకులు కెలుకుతున్న మనిషి. మా అత్త "కదిరి సామి చల్లగా చూసినాడు" అంది. సాయంత్రం బండికి పోయాడు. మామ పెట్టెను తన భుజం మీదే స్టేషనుకు మోసుకుపోయాడు.

వైశాఖం రాకముందే తిరిగి వచ్చాడు. ఎండ నిప్పులు చెరుగుతోంది. నేనూ మామా మగ్గం మీద ఉన్నాం. వాకిట్లో నీడ పడితే తల ఎత్తి చూశాను. పెట్టె పట్టుకుని నిలబడి ఉన్నాడు, చొక్కా వంటికి అతుక్కుపోయి ఉంది.

"అయిందా నాయనా?" అన్నాడు మామ, గుంతలోంచి లేవకుండానే.

మా ఆయన పెట్టె కింద పెట్టాడు. మా అత్త ఇచ్చిన చెంబుడు నీళ్లూ తాగాడు. తర్వాత చెప్పాడు. "కాలేదు నాయనా. అట్టలకు దబ్బనంతో పొడిచినాం కదా. మిషను తీసుకోలేదు. నా వంతు దాటిపోయింది."

"అంటే?"

"అంతే. మళ్లీ వంతు ఎప్పుడొస్తుందో తెలీదు. అంతలోకి నా స్కాలర్‌షిప్పు అయిపోతుంది."

ఆయన అరవలేదు. గొంతు పెంచలేదు. ఆ మాట మెత్తగా చెప్పడం వల్లే మామకు మరీ గట్టిగా తగిలింది. చేతిలో ఉన్న నాడెను చీర మీద పెట్టాడు, మళ్లీ తీశాడు, మళ్లీ పెట్టాడు. "నేనే కదా కుట్టింది" అన్నాడు. మా అత్త కొంగు నోట్లో పెట్టుకుని వంటింట్లోకి పోయింది.

నాకైతే ఒళ్లు మండిపోయింది. ఎవరి మీదని మండాలో తెలియలేదు. ముసలాయన మీద కోప్పడదామంటే ఆయన ముఖం చూడలేకపోతున్నాను. చివరికి బొంబాయి మిషను మీద పడ్డాను. "దేశంలో ఉండే లెక్కలన్నీ చేస్తుందంట, నాలుగు బొక్కలు జాస్తి అయితే దానికొచ్చిన రోగమేమి? మా మగ్గమే నయం!" అన్నాను. మా ఆయన నా వైపు చూసి కళ్లు దించుకున్నాడు. రెండు రోజులుండి బెంగుళూరుకు వెళ్లిపోయాడు.

ఆ తర్వాత మామ మనిషి కాలేదు. నేసేవాడు, కాని ఊరికే చేతులు ఆడేవి. తిట్టడం మానేశాడు. పోగు తెగినా ఏమీ అనేవాడు కాదు. కొత్త డిజైను వచ్చి అట్టలు కుట్టాల్సి వస్తే "నా చెయ్యి మంచిది కాదు, వేరే ఎవరితోనైనా కుట్టించండి" అని పక్కకు జరిగాడు. ఆ వీధిలో అంత వరసగా అట్టలు కుట్టేవాడు ఇంకొకడు లేడు. అట్టలు తెచ్చిన సావుకారు మనిషి నోరు తెరిచి చూశాడు.

రామాంజినేయులు ఒట్టి నోటి మనిషి, మనసులో ఏమీ ఉండదు. ఒక పొద్దు అరుగు మీద కూర్చుని "ఏమప్పా ముత్యాలప్పా, బొంబాయి మిషనుకే మూతి కుట్టేస్తిమంట కదా మనమిద్దరం!" అని నవ్వాడు. నలుగురూ నవ్వారు. మామ కూడా నవ్వబోయాడు. నవ్వు రాక, లేచి లోపలికి వచ్చి గోడకు తిరిగి పడుకున్నాడు. అప్పుడు బయటికిపోయి రామాంజినేయుల్ని కడిగి పారేశాను. "దబ్బనం నీ చేతిలో కూడా ఉండె కదప్పా, ఈయనొక్కడే ఏడవాల్నా?" అన్నాను. పాపం, ఆయన ఆ రోజే వచ్చి మామ కాళ్ల దగ్గర కూర్చుని పోయాడు.

జ్యేష్ఠంలో ఒక రోజు నేత మధ్యలో మామ నాడె ఆపి అన్నాడు. "అలివేలూ, నన్ను బెంగుళూరు తీసుకుపో."

"ఎందుకు మామా?"

"వాని పెద్దయ్యవారు ఉండాడు కదా, ప్రొఫెసరు. ఆయన కాళ్లు పట్టుకుంటా. తప్పు నాది, నా బిడ్డది కాదు, వానికి ఇంకొక్క వంతు ఇప్పించు సామీ అని అడుగుతా. వాన్ని అడిగితే తీసుకుపోడు. నాకు ఆడ దోవ తెలీదు."

"ఆయన ఇప్పిస్తాడో లేదో."

"ఇప్పించకుంటే వాకిట్లోనే కూర్చుంటా. ఏమి, నాకేం పని ఉండాది ఇంక?"

కాదనడానికి నాకు నోరు రాలేదు. నిజం చెప్పాలంటే నాకూ ఆశ పుట్టింది. ముసలాయన్ను చూసైనా ఆ ప్రొఫెసరు మనసు కరిగితే? పెనుకొండలో మా అన్న కూతురికి పుట్టువెంట్రుకలు తీస్తున్నారు. నేను పోయి, కార్యం చూసుకుని తిరిగి వచ్చిన వెంటనే పోదామని మాటిచ్చాను.

పెనుకొండకు మా ఆయన బెంగుళూరు నుంచి నేరుగా వచ్చాడు. చెంపలు లోపలికి పోయి, గడ్డం పెరిగి, నన్ను చూసి నవ్వాడు. పుట్టింటివాళ్ల ముందు నాకు చెప్పలేనంత నామోషీ అయింది. "ఏమబ్బాయా, డాక్టరువైతివా లేదా?" అని మా పెదనాయన బంతిలోనే అడిగాడు. "లేదు మామా" అని ఊరుకున్నాడు.

భోజనాలయ్యాక ధర్మవరం బండి కోసం నేనూ, పాపా, ఆయనా స్టేషనుకు పోయాం. ఎండకు కొండ మీది కోటగోడలు కూడా కనిపించనంత తెల్లగా ఉంది. ప్లాట్‌ఫారం మీద వేపచెట్టు నీడలో బెంచీ ఉంటే పాపను పడుకోబెట్టి కూర్చున్నాం. బండి ఆలస్యమన్నారు.

"హిందూపురంలో ఒక కాలేజీలో ఫిజిక్సు చెప్పే పని ఉండాది. రమ్మన్నారు" అన్నాడు ఆయన. "చిన్న పనే. కానీ ఇల్లు తీసుకోవచ్చు. నువ్వూ పాపా వచ్చేయొచ్చు."

"రాడారు?"

"వదిలేస్తా."

నా ఇల్లు, నా పొయ్యి, నా గడప. ఎన్నేళ్లుగానో కలగన్నది ఈయన ఒక్క మాటతో నా ఒళ్లో వేశాడు. నాకు సంతోషమైంది, అబద్ధమెందుకు. కాని మామ గుర్తుకొచ్చి చెప్పాను.

"అంత తొందరపడొద్దు. మామ బెంగుళూరు వస్తానంటాండాడు. మీ ప్రొఫెసరు కాళ్లు పట్టుకుని నీకు ఇంకో వంతు అడుగుతాడంట. ఎల్లుండి నేనే తీసుకొస్తాండా."

ఆయన ఉలిక్కిపడి నా వైపు తిరిగాడు. "వద్దు. నాయనను రానీయొద్దు."

"ఎందుకు? పరువు పోతుందా?"

"అది కాదు. ప్రొఫెసరు వంతు ఇప్పిస్తానన్నాడు. నేనే వద్దన్నాను."

నాకు అర్థం కాలేదు. ఆయన చేతులు మోకాళ్ల మీద పెట్టుకుని పట్టాల వైపు చూస్తూ చెప్పుకుపోయాడు.

"బొంబాయిలో ఇంకో మిషను ఉండాది. ఒక అట్టను చూసి అట్లాంటిదే ఇంకో అట్టను కొడుతుంది. ఆడ పని చేసే మనిషి అట్టలు చూసినాడు. కుట్లు అంకెలు లేని చోటే పడినాయి, ఎవరో తెలిసినోడే కుట్టినాడు, దారం కత్తిరించి ఇచ్చిపో, రేపటికంతా కొత్త అట్టల మీదికి దించి పెడతాను అన్నాడు. నా వంతు కూడా ఒకదినం జరుపుతానన్నాడు. నేను వద్దని చెప్పి బండెక్కేసినాను."

"ఎందుకయ్యా?" అన్నాను.

"కొంత లెక్క చేత్తో వేసి చూసుకున్నా, అట్టలు తీసుకోని ఇంటికి వచ్చేముందు. రాలేదు అలివేలూ. వాన వానలాగే ఉండాది, విమానం అందులోనే కలిసిపోయింది. మిషను మీద వేస్తే అంతా తేలిపోతుంది, ఇన్నేండ్లు నేను చేసింది ఒట్టిదని. నాయన, నువ్వు, ఆ మగ్గం... కదిరిలో సామి ముందర నిలబడి, ఎట్లన్నా ఇది ఆగిపోనీ అని మొక్కుకున్నా. ఇంటికొస్తే నాయన కుట్టి పెట్టినాడు."

పాప నిద్రలో కదిలింది. ఆయన దాని మీద ఎండ పడకుండా తువ్వాలు సర్దాడు.

"అలసిపోయినాను" అన్నాడు. "ఇంక ఏరలేను."

నేను ఏం తిట్టాలో వెతుక్కున్నాను. ఆయన అలసట నాకు తెలుసు, నాదీ అదే అలసట. లెక్క రాలేదంటే ఆయన్ను ఎవరు ఉరి తీస్తారు? మేము తీస్తామా? ఒక్క మాట చెప్పి ఉంటే సరిపోయేది. దానికి బదులు, కొడుకు చదువు చూసి జన్మలో ఒక్కసారి మురిసిన మనిషి నెత్తిన ఈ బండ పెట్టాడు.

"మామ అన్నం తినడం లేదు. తెలుసా?" అన్నాను.

"తెలుసు."

"అట్టలు ముట్టుకోడం లేదు. నా చెయ్యి మంచిది కాదంటాండాడు. తెలుసా?"

ఆయన మళ్లీ పట్టాల వైపు తిరిగాడు.

"నువ్వు హిందూపురంలో పని చేసుకో, బెంగుళూరులో చేసుకో, యాడన్నా చేసుకో. నాకు అక్కర లేదు. ఇప్పుడు నాతో బండెక్కి ధర్మవరం వచ్చి, ఈ మాట మామకు చెప్పు. చెప్పకుంటే నేను నీ ఇంటికి రాను. మగ్గం కాడే చస్తా."

బండి వచ్చింది. ఆయన పాపను ఎత్తుకుని నా వెంట ఎక్కాడు.

ఆ మరునాడు పొద్దున మామ గుంతలో కూర్చుని పడుగు సరిచేస్తున్నాడు. మా ఆయన పోయి పక్కన నేల మీద కూర్చున్నాడు. నేను నా పీట మీద ఉన్నాను. నేను లేవలేదు, లేవదలుచుకోలేదు.

"నాయనా, నీతో ఒక మాట చెప్పల్ల" అన్నాడు.

చెప్పాడు. నాతో చెప్పినదంతా చెప్పాడు. ఇంకో మిషను సంగతి, వద్దన్న సంగతి, లెక్క రాని సంగతి, కదిరి మొక్కు కూడా. ఒక్క ముక్క దాచలేదు. అంతవరకు ఆయన మీద ఉన్న కోపం నాకు సగం తగ్గింది. చెప్తూ చెప్తూ ముక్కు తుడుచుకున్నాడు. "నీ తప్పు ఏమీ లేదు నాయనా. నువ్వు బాగానే కుట్టినావు. నేనే తప్పించుకుని వచ్చినాను" అన్నాడు.

మామ పని ఆపకుండా విన్నాడు. అంతా అయ్యాక కొడుకు తల మీద చెయ్యి పెట్టి, చిన్నప్పుడు నిమిరినట్లు నిమిరాడు. "సరేలే నాయనా. లే, పోయి మొగం కడుక్కో" అన్నాడు. ఆయన లేచి పెరట్లోకి పోయాడు.

మామ నా వైపు తిరిగాడు. కళ్లనిండా నీళ్లు. నవ్వుతున్నాడు కూడా.

"చూసినావా అలివేలూ? నా మనసు నొచ్చుకుంటుందని, తప్పంతా వాని మీద ఏసుకుంటాండాడు. ఎట్ల అల్లినాడో చూడు కథ! ఇంకో మిషను ఉండాదంట, వీడు వద్దన్నాడంట! ఇన్నేండ్లు కష్టపడినోడు చేతికొచ్చినాక ఎవడన్నా వద్దంటాడా?"

"మామా, అది కథ కాదు. నిజమే చెప్పినాడు."

"నువ్వు కూడానా తల్లీ" అన్నాడు. "ఇద్దరూ కూడబలుక్కోని వచ్చినారు కదా పెనుకొండ నుంచి? నాకు తెలీదా ఏమి."

"పాప మీద ఒట్టు మామా."

"ఒట్టు పెట్టద్దమ్మా, తప్పు!" అని నా నోరు మూయించాడు. "ఇంక నేను బెంగుళూరు పోనులే. వాడు నాకోసం ఇంత అబద్ధం ఆడినాక, నేను పోయి ఆ పెద్దాయన ముందర వాన్ని అబద్ధాలకోరును చేస్తానా?"

నేను మళ్లీ చెప్పాను. మధ్యాహ్నం మా ఆయన మళ్లీ చెప్పాడు. ఎంత చెబితే అంత గట్టిగా మామ నమ్మకం బిగుసుకుంది. ఆ రోజు చాలా నాళ్ల తర్వాత కడుపునిండా అన్నం తిన్నాడు. కొడుకు చదువు తాను చెడగొట్టాననే దుఃఖం ఆయనను వదిలిపోలేదు. దాని మీద ఇప్పుడు కొడుకు గొప్పతనం వచ్చి కూర్చుంది. ఆ రెండింటినీ మోసుకుంటూ ఆయన చివరిదాకా బతికాడు.

సాయంత్రం మా ఆయన హిందూపురం పోవాలి, పనిలో చేరడానికి. ఇల్లు చూసి నాకు కబురు చేస్తానన్నాడు. సంచీ భుజాన వేసుకుని నడవలోకి వచ్చేసరికి, బయట అరుగు మీద మామ గొంతు వినిపించింది. రామాంజినేయులు, ఇంకా వీధివాళ్లు ఉన్నట్లున్నారు.

"...తప్పు చేసింది నేను. వాడు ఒక్క మాట అన్నాడా నన్ను? అన్లేదు. పైగా, నాయనా నీది కాదు నాదే తప్పు అని నా ముందర కూర్చోని కండ్ల నీళ్లు పెట్టుకున్నాడప్పా. మీ బిడ్డలు ఎవరన్నా చేస్తారా ఆ పని? డాక్టరు కాకుంటే పోనీ. అంతకంటే పెద్దోడయినాడు నా కొడుకు."

"అవునప్పా, బంగారట్లాంటి బిడ్డ" అన్నాడు రామాంజినేయులు. ఎవరో ముక్కు చీదారు కూడా.

మా ఆయన గడప దాటలేకపోయాడు. సంచీ దించి, నడవలో గోడకు ఆనుకుని కూర్చుండిపోయాడు. రెండు చేతులతో ముఖం కప్పుకున్నాడు. ఆయన మీద నాకు జాలి కలగలేదంటే అబద్ధం, కోపం పోయిందన్నా అబద్ధమే.

"లే" అన్నాను. "వాళ్లు నిన్ను చూడడానికే కూర్చోనుండారు. బండికి టైమయింది."